ఆకలిగొన్నవానిని నీ మతమేమని అడుగవచ్చునా?

ఈ వారం మనం ఒక ప్రశ్నను మన ముందు పెట్టుకొని, మన తెలుగు నేలమీద జరిగిన కొన్ని సంగతులను జ్ఞాపకం చేసుకుందాం. ఆ ప్రశ్న ఇది: కష్టంలో ఉన్న మనిషి మన గుమ్మం ముందుకు వచ్చినప్పుడు అతని మతాన్ని, అతని భక్తిని మనం ఏమి చేయాలి? చూడనట్టు ఉండాలా? మార్చాలని ప్రయత్నించాలా? లేక దానిని గౌరవించి, దానితో కలిసి పనిచేయాలా?

ఇది పుస్తకాల ప్రశ్న అనుకోకండి. మీలో మీర్‌పేట్, జిల్లెలగూడ, కర్మన్‌ఘాట్, ఎల్.బి.నగర్ ప్రాంతాల సంఘాలలో ఉన్నవారు దీనిని తరచుగా ఎదుర్కొంటూనే ఉన్నారు. నల్లగొండ నుండి, మహబూబ్‌నగర్ నుండి, ఖమ్మం నుండి బ్రతుకుదెరువుకు వచ్చిన కుటుంబాలు ఒకే వీధిలో, ఒకే గోడకు అటూ ఇటూ ఉంటున్నాయి. ఒక ఇంట్లో ఆదివారం ఆరాధన, పక్క ఇంట్లో అయ్యప్ప మాల, ఎదురింట్లో రంజాన్ ఉపవాసం. 2020 అక్టోబరులో కురిసిన భారీ వర్షాలకు చెరువు నీళ్ళు మీర్‌పేట్ కాలనీలలోకి వచ్చినప్పుడు, ఆ నీళ్ళు ఏ గుమ్మం ముందూ ఆగి ఇది ఎవరి ఇల్లు అని అడుగలేదు. మరి ఆ తరువాత బియ్యం సంచి పట్టుకొని వెళ్ళిన మనం అడగవచ్చునా?

మన పరిసరాలే ఇచ్చే సాక్ష్యము

దిల్‌సుఖ్‌నగర్ నుండి ఎల్.బి.నగర్ వైపు మెట్రో రైలులో వెళ్ళేవారికి 'విక్టోరియా మెమోరియల్' అనే స్టేషను వస్తుంది. 2018 సెప్టెంబరులో ఆ మార్గం ప్రారంభమైనది. రోజూ వేలమంది ఆ పేరు వింటారు. అది ఎక్కడినుండి వచ్చినదో ఎందరికి తెలుసు? 1901లో విక్టోరియా రాణి మరణించిన తరువాత, ఆమె జ్ఞాపకార్థం ఆరవ నిజాం మహబూబ్ అలీ ఖాన్ కాలంలో సరూర్‌నగర్‌లో అనాథ పిల్లలకు ఒక ఆశ్రయం ఏర్పడినది. అదే విక్టోరియా మెమోరియల్ హోమ్. గమనించండి. పాలకుడు ముస్లిం. పేరు ఒక క్రైస్తవ రాణిది. తల్లిదండ్రులు లేని బిడ్డలకు కావలసినది అన్నము, చదువు, తలదాచుకొనుటకు ఒక కప్పు.

ఇంకొంచెం ఇటు రండి. మలక్‌పేట, మూసారాంబాగ్ దగ్గర గుట్టమీద ఒక ఫ్రెంచి సేనాని సమాధి ఉన్నది. ఆయన పేరు మిషెల్ రేమండ్. రెండవ నిజాం కొలువులో పనిచేసి 1798లో మరణించాడు. ఆయనను హిందువులు 'మూసా రామ్' అనీ, ముస్లింలు 'మూసా రహీం' అనీ పిలుచుకున్నారు. మూసారాంబాగ్ పేరు ఆయననుండే వచ్చినదని చెబుతారు. ఎక్కడో క్రైస్తవ దేశంలో పుట్టిన మనిషిని ఇక్కడి ప్రజలు తమ తమ నోటికి వచ్చిన దేవుని పేరుతో కలిపి పిలుచుకున్నారంటే, ఈ నేలకు పొరుగువాని భక్తి కొత్త కాదని మనకు తెలుస్తున్నది.

అయితే ప్రియులారా, కలిసి బ్రతకడం ఒకటి, సేవలో ఒకరి విశ్వాసమును ఒకరు గౌరవించడం మరొకటి. మొదటిది అలవాటువలన వస్తుంది. రెండవది నేర్చుకోవాలి. మన పూర్వికులు దానిని ఎలా నేర్చుకున్నారో, ఎక్కడ తడబడ్డారో చూద్దాం.

ఒంగోలు కరవు: పదిహేను నెలల నిరీక్షణ

1876 నుండి 1878 వరకు దక్షిణ భారతదేశమును గొప్ప కరవు పట్టి పీడించినది. ఆ కరవులో 50 లక్షలకు పైగా ప్రజలు చనిపోయారని చరిత్రకారుల అంచనా. ఆ దినములలో ఒంగోలులో అమెరికన్ బాప్టిస్టు మిషనరీ జాన్ ఇ. క్లౌ ఉన్నారు. ఆయన 1866లో ఒంగోలుకు వచ్చి స్థిరపడ్డారు. ఆయన సంఘములో ఎక్కువమంది మాదిగలు. ఊరి వెలుపల బ్రతికినవారు. పంట లేదు, కూలి లేదు, తోలు పని లేదు.

ప్రభుత్వము కరవు పనిగా బకింగ్‌హాం కాలువ త్రవ్వించుచున్నది. కానీ ఆ పనిలో పేదలకు, అందులోనూ అంటరానివారని ఎంచబడినవారికి, మేస్త్రీల చేతిలో అన్యాయము జరుగుచున్నదని క్లౌ విన్నారు. ఆయన యౌవనంలో భూముల సర్వే పని చేసినవాడు. కొలతలు తెలుసు. కనుక ఆయనే సుమారు మూడున్నర మైళ్ళ కాలువ త్రవ్వకమును కంట్రాక్టుగా తీసుకున్నారు. తన బోధకులను మేస్త్రీలుగా నిలబెట్టారు. వేలమంది ఆ పనిలో కూలి సంపాదించి ప్రాణాలు నిలుపుకున్నారు.

ఇప్పుడు జాగ్రత్తగా ఆలోచించండి. ఆ పనివారిలో చాలామంది బాప్తిస్మము అడిగారు. మధ్యాహ్నపు విరామంలో బోధకులు వారితో కూర్చొని క్రీస్తును గూర్చి మాట్లాడేవారు. మిషనరీకి ఇంతకన్నా కావలసినదేమున్నది? కానీ క్లౌ ఒప్పుకోలేదు. కరవు సహాయము జరుగుచున్నంత కాలం బాప్తిస్మము ఇవ్వనని నిర్ణయించుకున్నారు. ఒకటి రెండు వారాలు కాదు, పదిహేను నెలలు ఆయన ఆ మాటమీద నిలబడ్డారు. ఎందుకు? అన్నము పెట్టిన చేతికి ఎదురు చెప్పడం ఆకలిగొన్నవానికి కష్టమని ఆయనకు తెలుసు. అలా చెప్పిన 'సరే' నిజమైన సరే కాకపోవచ్చునని ఆయనకు తెలుసు.

1878లో సహాయ నిధి అయిపోయినదని, ఇక ఇచ్చుటకు డబ్బు లేదని ఆయన కబురు పంపారు. అయినా జనము తగ్గలేదు. ఒంగోలుకు ఉత్తరాన గుండ్లకమ్మ ఏటి ఒడ్డున వేలమంది కూడివచ్చారు. తమకు డబ్బు అక్కరలేదని, తాము కష్టపడి పనిచేసి బ్రతకగలమని, విశ్వాసులుగా చేర్చుకోమని వారు కోరారు. 1878 జూలై 3న ఒక్క దినమందే 2,222 మంది బాప్తిస్మము పొందారు. ఆ సంవత్సరాంతానికి ఆ సంఖ్య 9,606 అయినది.

చాలామంది ప్రసంగీకులు ఈ 2,222 అనే అంకెను గొప్పగా చెబుతారు. నేను ఈ రోజు మీ దృష్టిని దాని ముందున్న పదిహేను నెలలమీదికి త్రిప్పాలని కోరుచున్నాను. ఆ అంకెకు విలువ తెచ్చినది ఆ నిరీక్షణ. అయినను మనము యథార్థముగా మాట్లాడుదాం. క్లౌ చేసినది నూటికి నూరుపాళ్ళు మచ్చ లేనిదని అనగలమా? కూలి ఇచ్చేవాడూ, సువార్త చెప్పేవాడూ ఒక్కడే అయినప్పుడు ఆ రెండిటి మధ్య గీత గీయడం తేలిక కాదు. 'కూటి కోసం క్రైస్తవులైనారు' అనే నింద ఈ సంఘాలమీద తరువాత కూడా వచ్చినది. ఆ నిందకు జవాబు చెప్పగల ధైర్యము మనకు ఎంతోకొంత ఉన్నదంటే, అది ఆ మనిషి కాదన్న పదిహేను నెలలవలననే.

ఇంకొక సంగతి. క్లౌ మొదటి తరం శిష్యులలో పేరుపొందిన యర్రగుంట్ల పేరయ్య, క్రీస్తును ఎరుగకమునుపు రాజయోగ గురువుల దగ్గర సత్యమును వెదకినవాడు. మాదిగలకు ఆత్మీయ జీవితమే లేదని లోకము అనుకున్న దినములలో, క్లౌ భార్య ఎమ్మా రౌషెన్‌బుష్ క్లౌ వారి మధ్య కూర్చొని, వారి గురువులను గూర్చి, వారి దేవతలను గూర్చి, వారి కథలను గూర్చి అడిగి తెలుసుకొని 1899లో ఒక పుస్తకముగా అచ్చు వేయించారు. సేవించవలసిన ప్రజలు ఏమి నమ్ముచున్నారో ముందుగా వినాలని ఆమె గ్రహించినది. ఈనాడు సామాజిక కార్యకర్తలకు నేర్పే మొదటి పాఠము అదే.

స్టువర్టుపురము: చేయి చాపినప్పుడు చేతిలో తాళము ఉంటే

ప్రియులారా, మన చరిత్రలో వెలుగు మాత్రమే చెప్పుకొని చీకటి దాచుకోరాదు. ఒంగోలుకు ఎంతో దూరము కాదు, బాపట్ల దగ్గర స్టువర్టుపురము ఉన్నది. 1911 నేరస్థ జాతుల చట్టము క్రింద ఎరుకల వారిని పుట్టుకతోనే దొంగలని బ్రిటిష్ ప్రభుత్వము ముద్ర వేసినది. 1913 ప్రాంతములో వారికొరకు ఈ సెటిల్‌మెంట్ ఏర్పాటైనది. మద్రాసు ప్రభుత్వంలోని హెరాల్డ్ స్టువర్టు పేరు దానికి పెట్టారు. దాని నిర్వహణను ప్రభుత్వము సాల్వేషన్ ఆర్మీకి, అనగా రక్షణ సైన్యమునకు, అప్పగించినది.

అక్కడ భూమి ఇచ్చారు. బడి పెట్టారు. పని చూపించారు. ఆ సేవకులలో ప్రేమ లేదని నేను అనడంలేదు. కానీ ఆ ఊరివారు హాజరు పట్టీలో పేరు పలికించుకోవాలి. అనుమతి చీటీ లేకుండా ఊరు దాటరాదు. అటువంటి చోట చెప్పిన ప్రార్థన ఎవరి ప్రార్థన? బయటికి పోవుటకు అనుమతి ఇచ్చే అధికారి చేతిలోనే పరిశుద్ధ గ్రంథము కూడా ఉంటే, ఆ గ్రంథము వినేవానికి సువార్తగా వినబడునా, ఉత్తరువుగా వినబడునా?

ఒంగోలుకు, స్టువర్టుపురమునకు మధ్య తేడా ఇక్కడ ఉన్నది. రెండు చోట్లా క్రైస్తవులే. రెండు చోట్లా పేదలే. ఒకచోట సేవకుడు తన చేతిలోని బలమును ఎరిగి దానిని అదుపులో పెట్టుకున్నాడు. రెండవచోట సేవ ప్రభుత్వ బలముతో ఒక్కటైపోయినది. ఆ చట్టము స్వాతంత్ర్యము వచ్చిన తరువాత 1952లో రద్దయినది. కానీ 'స్టువర్టుపురం' అనే మాట దొంగతనానికి మారుపేరుగా ఎన్నో దశాబ్దాలు నిలిచిపోయినది.

ఆ ఊరికి తరువాత ఎవరు వెళ్ళారో తెలుసా? హేమలతా లవణం. ఆమె మహాకవి గుర్రం జాషువా కుమార్తె. మన క్రైస్తవ ఇంటి బిడ్డ. నాస్తిక కేంద్రమును స్థాపించిన గోరా కుమారుడు లవణమును వివాహమాడారు. 1970లలో ఆ దంపతులు స్టువర్టుపురములో సంస్కరణ పని మొదలుపెట్టారు. నేరపు దారి విడిచి వచ్చినవారికి కొత్త బ్రతుకు చూపించుటకు ఎన్నో ఏండ్లు కష్టపడ్డారు. దేవుడు లేడనువారు ఆ పని చేశారు. ఇది మనకు కోపము తెప్పించవలసిన సంగతి కాదు, తల వంచుకొని ఆలోచించవలసిన సంగతి. దారిలో పడియున్నవానిని యాజకుడు చూసి ప్రక్కగా పోయెను, లేవీయుడు చూసి ప్రక్కగా పోయెను. ఆగినది ఎవరో మన ప్రభువే చెప్పెను. ఆ కథ మన గుడిలో చదివినంత సులువుగా మన వీధిలో చదవలేము.

డిచ్‌పల్లి: ముగ్గురు కలిసి వేసిన పునాది

ఇక సంతోషకరమైన ఒక సంగతి విందాం. స్కాట్లాండుకు చెందిన డాక్టర్ ఇసబెల్ కెర్, ఆమె భర్త రెవరెండ్ జార్జి కెర్ 1907లో హైదరాబాదు రాజ్యమునకు వచ్చారు. మెథడిస్టు మిషను తరఫున నిజామాబాదులో పనిచేయుచుండగా కుష్ఠు రోగుల దురవస్థ వారి కంటబడినది. ఊరు వారిని వెలివేసినది, ఇల్లు వెలివేసినది. 1911లో నిజామాబాదులో చిన్నగా మొదలైన ఆ పని త్వరలోనే చోటు చాలక ఇరుకైపోయినది.

అప్పుడు ముందుకు వచ్చినది ఎవరు? రాజా నర్సాగౌడ్ అనే ఒక హిందూ దాత. ఆయన ఇచ్చిన పెద్ద విరాళముతో 1915లో డిచ్‌పల్లిలో విక్టోరియా ఆసుపత్రి ప్రారంభమైనది. చూడండి, ముస్లిం ప్రభువు రాజ్యములో, హిందువు సొమ్ముతో, క్రైస్తవ స్త్రీ చేతులతో ఆ ఆసుపత్రి నిలబడినది. అక్కడ వాడిన మందు హిడ్నోకార్పస్ చెట్టు గింజల నూనె. ఆ జాతి గింజల నూనెను చర్మ రోగాలకు వాడడం మన దేశంలో పాత వైద్యమే. దానిని సూదిమందుగా మార్చి శ్రద్ధగా ఇచ్చే పద్ధతి ఆ దినములలో వచ్చినది. 1923లో ఆ దంపతులకు కైసర్-ఇ-హింద్ పతకము లభించినది. ఇసబెల్ కెర్ 1932లో డిచ్‌పల్లిలోనే ప్రభువునందు నిద్రించారు.

నర్సాగౌడ్ ఇచ్చిన విరాళమునకు కెర్ దంపతులు ఆయన మతమును అడ్డు పెట్టలేదు. తన సొమ్ము ఒక క్రైస్తవ మిషను చేతిలో పడుచున్నదని ఆయనా వెనుకాడలేదు. ఒకరినొకరు నమ్మారు. ఆ నమ్మకమునకు అర్హత ఒక్కటే: రోగిని రోగిగా చూచుట. లూకా సువార్త 17వ అధ్యాయములో ప్రభువు పదిమంది కుష్ఠు రోగులను బాగుచేసెను. తిరిగి వచ్చి కృతజ్ఞత చెప్పినవాడు ఒక్కడే. అతడు సమరయుడు, అన్యుడు. తక్కిన తొమ్మండుగురు ఎక్కడ అని ప్రభువు అడిగెను. కానీ వారి స్వస్థతను వెనుకకు తీసుకొనలేదు. ప్రియ సహోదరుడా, మన ఉచిత వైద్య శిబిరమునకు వచ్చి మందు తీసుకొని, మన ప్రార్థనకు నిలబడక వెళ్ళిపోయిన తొమ్మండుగురిమీద మనకు కోపము వస్తే, ఈ అధ్యాయమును మరల ఒకసారి చదువుదాం.

భక్తిని గౌరవించుట, అన్యాయమును కాదనుట

ఇక్కడ ఒక చిక్కు ప్రశ్న వస్తుంది. అందరి నమ్మకమును గౌరవించాలంటున్నావు, మరి నమ్మకము పేరుతో మనిషిని నలుగగొట్టుచున్నప్పుడు కూడా మౌనముగా ఉండాలా?

దీనికి జవాబు కూడా నిజామాబాదు జిల్లాలోనే ఉన్నది. ఎల్లమ్మకో పోచమ్మకో చిన్నపిల్లను సమర్పించి, ఆమెను జోగిని అని పిలిచి, ఊరందరి పాలు చేసే దురాచారము అక్కడ ఉండెను. ఆ పిల్లలు దాదాపు అందరూ దళిత కుటుంబాలవారే. 1980లలో హేమలతా లవణం ఈ దురాచారము మీద పోరాడారు. జోగినుల పిల్లలకొరకు, ఆ బంధము విడిచి వచ్చిన స్త్రీలకొరకు వర్నిలో 'చెల్లి నిలయం' ఏర్పడినది. 1988లో ఆంధ్రప్రదేశ్ శాసనసభ దేవదాసీ సమర్పణ నిషేధ చట్టము చేసినది.

ఆ పేరు గమనించండి: చెల్లి నిలయం. ఊరంతా వాడుకున్న స్త్రీని 'చెల్లీ' అని పిలిచారు. జోగిని మనసులో అమ్మవారి భయము ఉన్నది, భక్తి ఉన్నది, ఊరి కట్టుబాటు ఉన్నది. ఈ మూడూ ఒకటి కాదు. ఆమె భక్తిని ఎగతాళి చేస్తే ఆమె మనకు దూరమైపోతుంది. ఊరి పెద్దల స్వార్థమును భక్తి అని ఒప్పుకుంటే ఆమెను మనమే అప్పగించినవారమవుతాము. భక్తిని ఒకవైపు, దౌర్జన్యమును ఒకవైపు విడదీసి చూచుటకు ఓర్పు కావాలి, ఆ స్త్రీ మాటను వినే చెవి కావాలి. ఈ పరీక్ష ఇతరుల మతానికి మాత్రమే కాదు. మన సంఘములో కూడా, తన్నే భర్తకు లోబడియుండమని చెప్పి ఒక సహోదరిని తిరిగి అదే ఇంటికి పంపినప్పుడు, మనమూ వాక్యమును కట్టుబాటుగా వాడుచున్నాము.

సేవ ఒక విద్య అయినప్పుడు

సేవ చేయుటకు మనసుంటే చాలదు, విద్య కూడా కావాలని మన దేశంలో మొదట చెప్పినవారిలో ఒకరు క్లిఫర్డ్ మాన్‌షార్ట్ అనే అమెరికా మిషనరీ. ఆయన 1920లలో బొంబాయి నాగ్‌పాడా మురికివాడలో ముస్లింలు, యూదులు, హిందువులు, క్రైస్తవులు కలిసి బ్రతికేచోట ఒక సేవాగృహమును నడిపారు. ఆ అనుభవముతో, పార్సీ కుటుంబమైన టాటాల ట్రస్టు ఇచ్చిన ధనముతో, 1936లో సర్ దొరాబ్జీ టాటా సామాజిక సేవా విద్యాలయము ప్రారంభమైనది. మాన్‌షార్ట్ దానికి మొదటి డైరెక్టరు. అదే ఈనాటి టాటా సామాజిక శాస్త్రాల సంస్థ. మన దేశంలో సామాజిక సేవను వృత్తి విద్యగా నేర్పిన మొదటి సంస్థ అది. మన హైదరాబాదులో కూడా రోడా మిస్త్రీ అనే పార్సీ మహిళ పేరుమీద సామాజిక సేవా కళాశాల నడుచుచున్నది.

1957లో ఫెలిక్స్ బీస్టెక్ అనే జెసూట్ ఫాదరు ఈ వృత్తికి ఏడు సూత్రాలు వ్రాశారు. వాటిలో నాలుగు మనకు ఈ రోజు చాలు. మనిషిని ఉన్నవానిని ఉన్నట్టుగా అంగీకరించుట. తీర్పు తీర్చకుండుట. తన నిర్ణయము తానే తీసుకొనే హక్కు అతనికి ఉంచుట. అతడు చెప్పిన మాటను గుట్టుగా ఉంచుట. చూడండి, వ్రాసినది ఒక ఫాదరు. కానీ ఆయన మతము పేరెత్తకుండానే ఏ మతస్థుడైనా పాటించగల నియమము ఇచ్చారు.

అయితే మరికొందరు వేరొక తప్పు చేశారు. వృత్తి అన్న తరువాత దేవుని మాటే ఎత్తరాదనుకొని, ఎదుటి మనిషి ప్రార్థనను, ఉపవాసమును, మొక్కును అసలు పట్టించుకోలేదు. అదీ అన్యాయమే. కన్నబిడ్డను పోగొట్టుకున్న తల్లి 'దేవుడు నాకెందుకు ఇలా చేశాడు' అని ఏడ్చుచుండగా, రేషను కార్డు వివరాలు మాత్రమే వ్రాసుకొని లేచిపోతే ఆమెను విన్నట్టా? అందుకే 1990లనుండి సామాజిక సేవలోనూ వైద్యములోనూ మనిషి ఆత్మీయ జీవితమును గూర్చి అడుగుట మరల మొదలైనది. 1996లో క్రిస్టినా పుచాల్‌స్కీ అనే అమెరికా వైద్యురాలు నాలుగు చిన్న ప్రశ్నల పద్ధతి తయారుచేశారు. మీకు ధైర్యమిచ్చే విశ్వాసము ఏది? మీ జీవితంలో దానికి ఎంత ప్రాముఖ్యత ఉన్నది? మీకు తోడుగా నిలిచే భక్త సమాజము ఉన్నదా? ఈ విషయములో మేము మీకు ఏమి చేయగలము? ఈ ప్రశ్నలలో సమాధానము అడిగేవానిది కాదు, చెప్పేవానిది.

అలాగే 1935లో అమెరికాలో మొదలైన ఆల్కహాలిక్స్ అనానిమస్‌ను చూడండి. తాగుడునుండి బయటపడాలనుకొనేవాడు తనకన్నా గొప్ప శక్తిమీద ఆధారపడాలని వారు చెబుతారు. ఆ శక్తిని ఏ పేరుతో పిలవాలో అతనికే వదిలేస్తారు. ఒకే గదిలో వేర్వేరు మతస్థులు కూర్చొని ఒకరి కష్టము ఒకరు వింటారు.

మన వీధిలో ఏమి చేద్దాం?

ప్రియులారా, చరిత్ర విని ఊరుకుంటే ప్రయోజనము లేదు. నాలుగు సంగతులు మీ సంఘ పెద్దల ముందు పెట్టండి.

మొదటిది, సహాయమునకు షరతు పెట్టకండి. బియ్యం పంచే రోజు, వాక్యము చెప్పే రోజు వేరుగా ఉండనివ్వండి. మన రాజ్యాంగము 25వ అధికరణము మన విశ్వాసమును ప్రచారము చేసుకొనే స్వేచ్ఛ ఇచ్చినది. అదే అధికరణము ఎదుటివాని మనస్సాక్షికి కూడా స్వేచ్ఛ ఇచ్చినది. ఒకటి కోరి రెండవది కాదనలేము.

రెండవది, అడిగి తెలుసుకోండి. రంజాన్‌లో ముస్లిం కుటుంబమునకు భోజనము ఇవ్వదలిస్తే మధ్యాహ్నము కాదు, సాయంత్రము ఉపవాసము విడిచే వేళకు ఇవ్వండి. షుగరు వ్యాధికి ఇన్సులిన్ తీసుకొనే పెద్దాయన ఉపవాసముండదలిస్తే వాదించకండి, ముందుగా డాక్టరు దగ్గరికి తీసుకువెళ్ళండి. భర్త చనిపోయిన ముస్లిం సహోదరి నాలుగు నెలల పది రోజులు ఇద్దత్ పాటిస్తుంది. పింఛను కాగితాలకొరకు ఆమెను ఆఫీసుల చుట్టూ త్రిప్పకుండా మీరే ఇంటికి వెళ్ళండి. అయ్యప్ప మాల వేసుకున్న కూలివానిని 'స్వామీ' అని పిలవడానికి మన విశ్వాసము ఏమీ తరిగిపోదు.

మూడవది, అనుమతి లేకుండా ప్రార్థన చేయకండి. ఆసుపత్రి మంచమునుండి లేచి పోలేని రోగి మనకు కాదు అని చెప్పలేడు. 'మీకొరకు ప్రార్థించమంటారా?' అని అడిగి, వద్దంటే చిరునవ్వుతో అతని చేయి పట్టుకొని కూర్చోండి. అతడు తన పూజారినో, మౌల్వీనో చూడాలని కోరితే, వెళ్ళి పిలుచుకొని రండి. ఇంటికి వచ్చి మీ మోకాళ్ళమీద అతని కొరకు ప్రార్థించుటకు ఎవరి అనుమతీ అక్కరలేదు.

నాలుగవది, ఇతరులతో కలిసి పనిచేయుటకు భయపడకండి. కాలనీ సంక్షేమ సంఘము, గుడి అన్నదానము, మసీదు కమిటీ, మన సంఘము కలిసి ఒక పట్టీ వ్రాసుకుంటే, వాన వచ్చిన రోజు ఏ ఇంటిలో మంచము పట్టిన ముసలమ్మ ఉన్నదో అందరికీ తెలుస్తుంది.

'ఇలా చేస్తే మన సాక్ష్యము పోదా?' అని మీలో కొందరు అడుగుచున్నారు. ఆ ప్రశ్న నిజమైనదే. దానిని చిన్నచూపు చూడను. కానీ రాజులు రెండవ గ్రంథము 5వ అధ్యాయము తెరవండి. సిరియా సైన్యాధిపతి నయమాను కుష్ఠునుండి బాగుపడి, ఒక బాధ చెప్పుకున్నాడు. తన రాజు రిమ్మోను గుడిలో మ్రొక్కేటప్పుడు తన చేతిమీద ఆనుకుంటాడు, అప్పుడు తానుకూడా వంగవలసి వస్తుంది, దానిని క్షమించమని అడిగాడు. ఎలీషా అతనిని గద్దించలేదు. సమాధానముతో వెళ్ళమని పంపాడు. ప్రవక్తకు తన దేవునిమీద అంత నమ్మకము. దేవుడు చేయవలసిన పనిని తాను తొందరపడి చేయలేదు. క్లౌ పదిహేను నెలలు వేచియుండగలిగినది కూడా ఆ నమ్మకమువలననే.

నమ్మకము తక్కువైనవాడే అన్నముతోపాటు బలవంతము కలుపుతాడు. మన ప్రభువునందు నమ్మకము గలవాడు అన్నమును అన్నముగానే వడ్డిస్తాడు. వడ్డించిన తరువాత ఎవరైనా 'మీరెందుకు ఇలా చేస్తున్నారు?' అని అడిగితే, అప్పుడు మన నిరీక్షణను గూర్చి సాత్వికముతో చెప్పుదాం. అడగకపోతే, మరుసటి దినమున కూడా వడ్డిద్దాం.

ప్రార్థించుకుందాం. పరలోకమందున్న మా తండ్రీ, మా గుమ్మము ముందుకు వచ్చిన ప్రతి మనిషిలో నీ పోలికను చూచుటకు మాకు కన్నులు దయచేయుము. మా చేతిలోని బలమును మేము ఎరుగునట్లు, దానిని ఎవరిమీదను ప్రయోగించకుండునట్లు మమ్మును కాపాడుము. మా పొరుగువారి కన్నీటిని, వారి భక్తిని కూడా గౌరవించు హృదయమును మాకు ఇమ్ము. యేసు నామమున అడుగుచున్నాము తండ్రీ. ఆమేన్.